కళ్లు తిరుగుతున్నాయంటే కళ్లనే అడగాలి: కంటి కదలికల పరీక్షకు వెళ్లేవాళ్ల కోసం

తల తిరగడం, తూలడం, దిమ్మెక్కడం, మన హైదరాబాద్‌లో అయితే చక్కర్ రావడం. ఎన్ని మాటలున్నా ఎక్కువమంది నోట ముందుగా వచ్చేది ‘కళ్లు తిరుగుతున్నాయి’ అనే మాటే. ఆ మాట చాలాసార్లు అక్షరాలా నిజం. గది గిర్రున తిరుగుతోందని మంచం పట్టె పట్టుకున్న మనిషి కళ్లలోకి ఆ నిమిషంలోనే చూడండి. నల్లగుడ్డు మెల్లగా ఒక పక్కకు జారుతుంది, చటుక్కున వెనక్కి వస్తుంది, మళ్లీ జారుతుంది. ఈ కదలికను డాక్టర్లు నిస్టాగ్మస్ అంటారు.

నేను ఈ ఊళ్లోనే ఆడియాలజిస్టుగా పనిచేస్తున్నాను. ఆ కదలికల్ని కెమెరాతో పట్టి కొలవడం నా పనిలో పెద్ద భాగం. ఈ పరీక్ష పేరు వీడియో నిస్టాగ్మోగ్రఫీ, అందరూ వీఎన్‌జీ అంటారు. పరీక్షకు వచ్చేవాళ్లలో చాలామంది ఏం జరుగుతుందో తెలియక టెన్షన్‌తో వస్తారు. కొందరు పొద్దున్నే కళ్లు తిరగకుండా మాత్ర వేసుకుని మరీ వస్తారు. వాళ్లను వెనక్కి పంపాల్సి వచ్చినప్పుడు నాకు నిజంగా బాధేస్తుంది. ఎల్బీనగర్ నుంచో సంగారెడ్డి నుంచో తూలుతూ వచ్చిన మనిషిని మళ్లీ రమ్మనడం చిన్న విషయం కాదు. అందుకే ఇది రాస్తున్నాను.

కళ్లకూ చెవికీ ఏం సంబంధం

చిన్న ప్రయోగం చేయండి. ఫోన్‌ను కదలకుండా పట్టుకుని, తలను గబగబా అడ్డంగా ఊపుతూ ఈ వాక్యం చదవండి. చదవగలుగుతారు. ఇప్పుడు తల కదపకుండా ఫోన్‌ను అంతే వేగంగా ఊపండి. అక్షరాలు అలికేసినట్టు అవుతాయి. రెండింటిలోనూ కదలిక అంతే, కానీ తల కదిలినప్పుడు మాత్రమే లోపలి చెవి సాయం చేస్తుంది.

ఒక్కో లోపలి చెవిలో మూడు అర్ధవృత్తాకార గొట్టాలున్నాయి. తల ఎటు తిరిగినా వాటిలోని ద్రవం ఆ సంగతి పట్టేస్తుంది. కబురు నరం గుండా మెదడు కాండానికి, అక్కడి నుంచి కంటి కండరాలకు వెళుతుంది. తల కుడికి తిరిగితే కళ్లు అంతే వేగంతో ఎడమకు తిరుగుతాయి. దీనంతటికీ పట్టేది సెకనులో సుమారు వందో వంతు. శరీరంలో ఇంత వేగంగా జరిగే ప్రతిచర్యలు చాలా తక్కువ. దారిలో ఎక్కడ తేడా వచ్చినా, అది చెవిలో కానీ నరంలో కానీ మెదడు కాండంలో కానీ చిన్న మెదడులో కానీ, దాని గుర్తు కంటి కదలికలో బయటపడుతుంది. చెవి లోపలికి కెమెరా పెట్టి ఆ గొట్టాల పనితీరు చూడలేం. కళ్లు మాత్రం ఎదురుగా ఉన్నాయి.

అన్నిటికంటే ముందు: ఇది పరీక్షకు ఆగాల్సిన కేసేనా?

కళ్లు తిరగడంతో పాటు మాట ముద్దగా రావడం, మూతి ఒక పక్కకు లాగడం, చెయ్యో కాలో పట్టు తప్పడం, ఒకటి రెండుగా కనిపించడం, ఎప్పుడూ లేనంత తలనొప్పి, ఉన్నట్టుండి ఒక చెవి వినిపించకపోవడం, పట్టుకోకుండా నిలబడలేకపోవడం, వీటిలో ఏ ఒక్కటి ఉన్నా వీఎన్‌జీ అపాయింట్‌మెంట్ కోసం చూడకండి. 108కి ఫోన్ చేసి ఎమర్జెన్సీకి వెళ్లండి. అది పక్షవాతం కావచ్చు.

మొదటి అడుగు: మీ కథను సరిగ్గా రాసుకోండి

డాక్టరు దగ్గర ‘కళ్లు తిరుగుతున్నాయి’ అని ఆపేస్తే సగం సమాచారం మీ దగ్గరే ఉండిపోతుంది. చుట్టూ ఉన్నవి తిరుగుతున్నాయా, మీరు తూలుతున్నారా, లేక లేచి నిలబడగానే చీకట్లు కమ్ముతున్నాయా? మూడూ వేర్వేరు. మూడోది చాలాసార్లు బీపీ పడిపోవడం వల్ల వస్తుంది, చెవితో దానికి పని లేదు.

తర్వాత, ఎంతసేపు? ఇది అన్నిటికంటే విలువైన ప్రశ్న. పక్క మీద ఒక వైపు తిరిగినప్పుడో, సజ్జ మీద డబ్బా కోసం తల పైకెత్తినప్పుడో గిర్రుమని, నిమిషంలోపు తగ్గిపోతే లోపలి చెవిలో మామూలుగా ఉండే సన్నటి స్ఫటికాలు చోటు తప్పాయని మొదటి అనుమానం. 20 నిమిషాల నుంచి 12 గంటల దాకా ఉండి, చెవిలో హోరు, నిండుగా అనిపించడం, వినికిడి తగ్గడం తోడైతే మెనియర్స్ అనే లోపలి చెవి వ్యాధి గుర్తుకొస్తుంది. రోజుల తరబడి ఆగకుండా తిరిగితే చెవి నరం వాపు కావచ్చు, మెదడులో సమస్యా కావచ్చు. తలనొప్పి, వెలుతురూ చప్పుడూ పడకపోవడం ఉంటే మైగ్రేన్ సంగతి చెప్పండి. తలనొప్పి లేకుండా కూడా మైగ్రేన్ కళ్లు తిప్పగలదు.

ఇంకో పని చేయండి. తిరుగుతున్నప్పుడు ఇంట్లోవాళ్లతో మీ కళ్లను ఫోన్‌లో వీడియో తీయించండి. మంచి వెలుతురులో, రెండు కళ్లూ ఫ్రేములో నిండేలా, 10 సెకన్లు నేరుగా, 10 సెకన్లు కుడికి, 10 సెకన్లు ఎడమకు చూస్తూ. పరీక్ష రోజున మీకు ఏ బాధా లేకపోవచ్చు, ఆ వీడియోలో మాత్రం సాక్ష్యం ఉంటుంది. కొన్నిసార్లు మా యంత్రం కన్నా ఆ అర నిమిషం వీడియోనే ఎక్కువ చెబుతుంది.

రెండో అడుగు: ఎవరి దగ్గరికి వెళ్లాలి

ఈఎన్‌టీ డాక్టరు గానీ న్యూరాలజిస్టు గానీ. హైదరాబాద్‌లో కోఠిలో ప్రభుత్వ ఈఎన్‌టీ ఆస్పత్రి ఉంది, పంజాగుట్ట నిమ్స్‌లో న్యూరాలజీ విభాగం ఉంది, ఉస్మానియా, గాంధీ ఉన్నాయి, ప్రైవేటువి సరేసరి. వీఎన్‌జీ యంత్రం ఎక్కడుంది, ఏ రోజుల్లో చేస్తారు, ఎంత తీసుకుంటారు అన్నది వెళ్లే ముందు ఫోన్ చేసి కనుక్కోండి. కెలోరిక్ (చెవిలోకి నీళ్లు పంపి చేసేది), వీడియో హెడ్ ఇంపల్స్ (తలను చటుక్కున తిప్పి చేసేది) కూడా చేస్తారా అని పేరు పెట్టి అడగండి. అన్ని చోట్లా అన్నీ ఉండవు.

అందరికీ ఈ యంత్రం అక్కర్లేదన్నది కూడా చెప్పాలి. నేను చదువుకునే రోజుల్లో మా అత్తయ్యకు పడుకుని లేచేటప్పుడల్లా కళ్లు తిరిగేవి. మెడ ఎముకల అరుగుదల అన్నారు. మెడకు కాలర్ వేశారు, ఏడాదికి పైగా మాత్రలు మింగించారు, ఎమ్మారై తీశారు, అందులో ఏమీ లేదు. చివరికి ఒక డాక్టరు ఆమెను మంచం మీద కూర్చోబెట్టి, తలను 45 డిగ్రీలు పక్కకు తిప్పి, చప్పున వెల్లకిలా పడుకోబెట్టారు, తల మంచం అంచు దాటి కాస్త కిందికి వేలాడేలా. కొన్ని సెకన్లకు కళ్లు మెలితిరుగుతూ పైకి కొట్టుకోవడం మొదలైంది, అర నిమిషంలో ఆగిపోయింది. అది డిక్స్-హాల్‌పైక్ పరీక్ష. మార్గరెట్ డిక్స్, చార్లెస్ హాల్‌పైక్ 1952లో వివరించారు. దానికి కావలసింది మంచం, తెలిసిన చెయ్యి, అంతే. అదే మంచం మీద ఎప్లీ పద్ధతిలో తలను నాలుగు స్థితుల్లో తిప్పి, దారి తప్పిన స్ఫటికాల్ని వాటి చోటికి పంపారు. ఏడాది బాధ ఆ పూటే తగ్గింది. నేను ఈ వృత్తిలోనే ఉండిపోవడానికి ఆ పూట ఒక కారణం.

కాబట్టి మీది పడక మీద తిరిగితే వచ్చి నిమిషంలో పోయే రకమైతే, ‘డిక్స్-హాల్‌పైక్ చేస్తారా డాక్టర్ గారూ?’ అని అడగడానికి మొహమాటపడకండి. (ఆ స్ఫటికాలు కాల్షియం కార్బొనేట్‌వే. అంతమాత్రాన ఎముకల కోసం వాడుతున్న కాల్షియం మాత్రలు మానేయక్కర్లేదు.) ఆ పరీక్షలో తేలకపోతే, మళ్లీ మళ్లీ వస్తుంటే, చెవా మెదడా అన్న సందేహం ఉంటే, అప్పుడు వీఎన్‌జీ.

మూడో అడుగు: 48 గంటల తయారీ

ఎక్కువమంది తప్పు చేసేది ఇక్కడే. కళ్లు తిరగకుండా ఇచ్చే మాత్రలు, అంటే సిన్నారిజిన్, ప్రోక్లోర్‌పెరజిన్, మెక్లిజిన్, డైమెన్‌హైడ్రినేట్, బీటాహిస్టిన్ వంటివి, అలాగే నిద్ర మాత్రలు, డయాజిపామ్ రకం మందులు కంటి కదలికల్ని మార్చేస్తాయి. చాలావరకు అవి పనిచేసేదే చెవి నుంచి కంటికి వెళ్లే ఆ ప్రతిచర్యను మందగించేలా చేసి. వాటి మీద ఉండగా పరీక్ష చేస్తే మేం కొలిచేది మీ చెవిని కాదు, మాత్రను. అందుకే సాధారణంగా 48 గంటల ముందు ఆపమంటారు. మీరే ఆపకండి, రాసిన డాక్టరును అడిగి ఆపండి. నిద్ర మాత్రలు ఏళ్లుగా వాడుతుంటే ఒక్కసారిగా ఆపడం ప్రమాదం.

బీపీ, షుగర్, గుండె, థైరాయిడ్, ఫిట్స్ మందులు ఎట్టి పరిస్థితిలోనూ ఆపొద్దు. ఫిట్స్ మందు వాడుతుంటే ఆ సంగతి మాత్రం తప్పక చెప్పండి. ఫెనిటోయిన్ మోతాదు రక్తంలో ఎక్కువైతే దానంతట అదే నిస్టాగ్మస్ తెప్పిస్తుంది, నడక తూలేలా చేస్తుంది.

మద్యం 48 గంటలు వద్దు. ఆ రోజు చాయ్, కాఫీ మానేయండి. ఇరానీ చాయ్ అలవాటున్నవాళ్లకు కష్టమని తెలుసు, ఒక్కపూటే కదా. కడుపు నిండా తిని రావద్దు, ఖాళీ కడుపుతోనూ రావద్దు. రెండు ఇడ్లీలు తిని రెండు మూడు గంటల తర్వాత పరీక్షకు వస్తే సరిగ్గా సరిపోతుంది.

కాటుక, సుర్మా, మస్కారా, ఐలైనర్ ఏవీ ఉండకూడదు. కెమెరా నల్లటి కంటిపాపను వెతుక్కుంటుంది. కాటుక కూడా దానికి నల్లగానే కనిపిస్తుంది, గీత మొత్తం గెంతుతుంది. ఏళ్లుగా పెట్టుకునే కాటుక ఒక్కసారి కడిగితే పోదు, ముందురోజు రాత్రే కొబ్బరి నూనెతో తుడిచి కడుక్కోండి. చెవిలో గుబిలి ఉంటే ముందే ఈఎన్‌టీ దగ్గర తీయించుకోవాలి. కర్ణభేరికి రంధ్రం ఉన్నా, చెవికి ఆపరేషన్ అయినా, మెడకో వెన్నుకో సమస్య ఉన్నా, కంటి జబ్బు, మెల్లకన్ను ఉన్నా పరీక్ష మొదలుకాకముందే చెప్పండి.

తోడు ఒకరిని తెచ్చుకోండి. తిరుగు ప్రయాణంలో మీరు బండి నడపకూడదు.

నాలుగో అడుగు: గదిలో ఏం జరుగుతుంది

గంట నుంచి గంటన్నర పట్టవచ్చు. ఈత కళ్లద్దాల్లాంటి బరువైన గాగుల్స్ పెడతాం, వాటిలో పరారుణ కెమెరాలుంటాయి. చీకట్లో కూడా అవి మీ కళ్లను చూడగలవు. ఇవి రాకముందు కంటి పక్కన ఎలక్ట్రోడ్లు అతికించి కంటి ముందు, వెనక భాగాల మధ్య ఉండే విద్యుత్ తేడాతో కదలికను కొలిచేవాళ్లు.

ముందు చుక్కల ఆట. గోడ మీద చుక్క ఒకచోటి నుంచి మరోచోటికి గెంతుతుంది, కళ్లు దాని వెంట గెంతాలి. ఈ గెంతును సకాడ్ అంటారు. తర్వాత చుక్క ఊయలలా మెల్లగా ఊగుతుంది, దాన్ని జారుతూ అనుసరించాలి. ఆ తర్వాత గీతలు బారులుగా కదులుతూ పోతాయి, రైలు కిటికీలోంచి స్తంభాలు చూసినట్టు. ఇవన్నీ ఎక్కువగా మెదడు పరీక్షలు, చెవివి కావు. తల కదపకండి. నిద్ర వస్తుంటే చెప్పండి, మగతగా ఉన్న కళ్లు జబ్బున్న కళ్లలా కనిపిస్తాయి.

తర్వాత గాగుల్స్ మూత వేస్తాం, పూర్తి చీకటి. చూపు నిలపడానికి ఏదీ లేనప్పుడు దాగి ఉన్న నిస్టాగ్మస్ బయటికొస్తుంది. ఆపై పడుకోబెట్టి తలను అటూ ఇటూ తిప్పుతాం. మీకు బాగా తిరిగే భంగిమ ఏదో ముందే తెలుసు కాబట్టి భయమేస్తుంది. కళ్లు మాత్రం మూయకండి. మాకు కావలసింది సరిగ్గా ఆ అర నిమిషమే.

చివరిది కెలోరిక్. అందరూ భయపడేది దీనికే, కాబట్టి దాచకుండా చెబుతాను. తలను 30 డిగ్రీలు ఎత్తిపెట్టి పడుకోబెట్టి, చెవిలోకి సుమారు అర నిమిషం నీళ్లు పంపుతాం. ఒకసారి 30 డిగ్రీల సెల్సియస్ నీళ్లు, ఒకసారి 44, అంటే శరీర వేడికి ఏడు డిగ్రీలు తక్కువ, ఏడు ఎక్కువ. రెండు చెవులకూ కలిపి నాలుగుసార్లు. కర్ణభేరి బాగాలేకపోతే నీళ్లు వాడం. కళ్లు తిరుగుతాయి, తిరగాలి కూడా. ఒకటి ఒకటిన్నర నిమిషాల్లో బాగా ఎక్కువై, తర్వాత తగ్గిపోతుంది. కొందరికి వికారం వస్తుంది, కొద్దిమందికి వాంతి అవుతుంది. మధ్యలో కొన్ని నిమిషాలు విరామం ఇస్తాం.

వియన్నా డాక్టరు రాబర్ట్ బరానీ చెవులు కడిగేటప్పుడు రోగులకు కళ్లు తిరగడం గమనించాడు. నీళ్ల వేడిని బట్టి కళ్లు కొట్టుకునే దిశ మారుతుందని కనిపెట్టాడు: చల్లనివైతే అవతలి చెవి వైపు, వెచ్చనివైతే అదే చెవి వైపు. 1914 నోబెల్ బహుమతి ఆయనకే. ఆ వార్త వచ్చేసరికి ఆయన రష్యాలో యుద్ధఖైదీగా ఉన్నాడు.

నీళ్లు పోశాక మిమ్మల్ని మాట్లాడిస్తూ ఉంటాం. మనసు ఖాళీగా ఉంటే నిస్టాగ్మస్ అణిగిపోతుంది. కుర్రాళ్లనైతే మియాపూర్ నుంచి ఎల్బీనగర్ దాకా మెట్రో స్టేషన్లు వరసగా చెప్పమంటాను. నల్లగొండ నుంచి వచ్చిన ఒక పెద్దమ్మకు మెట్రో సంగతి తెలియదు. ‘బతుకమ్మలో ఏమేం పూలు పేరుస్తవ్ పెద్దమ్మా?’ అన్నాను. ‘తంగేడు, గునుగు, బంతి, కట్ల, గుమ్మడి...’ అంటూ అందుకుంది, గీత తెర మీద అందంగా పరుచుకుంది. విరామంలో నా చెయ్యి పట్టుకుని ‘బిడ్డా, మల్ల గట్లనే తిరుగుతదా?’ అంది. ఇంకో మూడుసార్లని చెప్పాను. ఓర్చుకుంది.

కొన్నిచోట్ల వీడియో హెడ్ ఇంపల్స్ పరీక్ష కూడా చేస్తారు. గోడ మీది చుక్కను చూస్తూ ఉంటే మేం మీ తలను చిన్నగా, కానీ చటుక్కున తిప్పుతాం. చెవి బాగుంటే కళ్లు చుక్క మీదే ఉంటాయి. బాగాలేకపోతే తలతో పాటు జారి, వెంటనే గెంతి చుక్క మీదికి వస్తాయి. హల్మాగీ, కర్తోయిస్ దీన్ని 1988లో వివరించారు. ఇప్పటి కెమెరాలు మామూలు కంటికి దొరకని గెంతుల్ని కూడా పడతాయి.

ఐదో అడుగు: రిపోర్టును చదవడం

కెలోరిక్ అంకెలతో మొదలుపెడదాం. ఇక్కడ డిగ్రీలంటే నీళ్ల వేడి కాదు, నిస్టాగ్మస్‌లో కన్ను మెల్లగా జారే వేగం. ఒకరికి కుడి చెవిలో వెచ్చటి నీళ్లకు సెకనుకు 30 డిగ్రీలు, చల్లటివాటికి 26 వచ్చాయనుకోండి, మొత్తం 56. ఎడమలో 14, 10, మొత్తం 24. తేడా 32, నాలుగూ కలిపితే 80. 32ను 80తో భాగిస్తే 40 శాతం. రిపోర్టులో ‘ఎడమ కెనాల్ పరేసిస్ 40 శాతం’ అని ఉంటుంది. పేరులో ఉన్నది చూసి పక్షవాతం అనుకోకండి, ఎడమ చెవి కుడిదానికన్నా బలహీనంగా ఉందని అర్థం. ల్యాబ్‌ను బట్టి 20 నుంచి 25 శాతం లోపు తేడాను మామూలుగానే చూస్తారు. హెడ్ ఇంపల్స్‌లో గెయిన్ అనే అంకె, అంటే తల వేగంతో పోలిస్తే కళ్ల వేగం ఎంతన్నది, 1కి దగ్గరగా ఉండాలి. చెవిలో అడ్డంగా ఉండే గొట్టాలకు 0.8 కన్నా తగ్గితే అనుమానిస్తారు.

ఇక దిశ. నిస్టాగ్మస్ ఎటు చూసినా ఒకే వైపు కొట్టుకుంటూ, ఒక చుక్కను చూడమంటే తగ్గిపోతే చెవి వైపు మొగ్గు. కుడికి చూస్తే కుడికి, ఎడమకు చూస్తే ఎడమకు దిశ మారితే, నిటారుగా కిందికో పైకో మాత్రమే కొట్టుకుంటే, చుక్కను చూస్తున్నా తగ్గకపోతే మెదడు వైపు చూడాలి.

ఆగకుండా కళ్లు తిరుగుతూ ఎమర్జెన్సీకి వచ్చినవాళ్ల విషయంలో ఒక సంగతి వింటే మొదట తలకిందులుగా అనిపిస్తుంది. వాళ్లలో హెడ్ ఇంపల్స్ మామూలుగా ఉంటేనే భయం. చెవి నరం దెబ్బతిని ఉంటే ఆ పరీక్ష తప్పాలి. గంటల తరబడి గది తిరుగుతున్నా, చెవి నుంచి కంటికి దారి చక్కగా ఉందంటే తప్పు ఇంకెక్కడో ఉంది, అది చిన్న మెదడులో పక్షవాతం కావచ్చు. హెడ్ ఇంపల్స్, నిస్టాగ్మస్ దిశ, రెండు కళ్లూ ఒకే ఎత్తులో ఉన్నాయా లేదా, ఈ మూడూ కలిపి చూసే పద్ధతిని హింట్స్ అంటారు. 2009లో వచ్చిన అధ్యయనం తర్వాత ఇది బాగా వాడుకలోకి వచ్చింది. మెదడు వెనక భాగంలో వచ్చే పక్షవాతాన్ని మొదటి ఒకటి రెండు రోజుల్లో ఎమ్మారై కూడా కొన్నిసార్లు పట్టలేదు. శిక్షణ ఉన్న డాక్టరు కళ్లను చూసి పట్టగలరు. ఇంట్లో ప్రయత్నించాల్సింది మాత్రం కాదు.

సకాడ్ల భాగాన్ని చాలామంది పట్టించుకోరు, న్యూరాలజిస్టుకు మాత్రం అక్కడ చాలా దొరుకుతుంది. పార్కిన్సన్స్‌లో గెంతులు పొట్టిగా పడతాయి, ఒక్కసారిలో అందుకోవాల్సిన చుక్కను రెండు మూడు గెంతుల్లో అందుకుంటారు. దానిలాగే కనిపించే పీఎస్‌పీ (ప్రోగ్రెసివ్ సుప్రాన్యూక్లియర్ పాల్సీ) అనే మెదడు జబ్బులో పైకీ కిందికీ చూసే గెంతులు నెమ్మదిస్తాయి. మెట్లు దిగుతూ పడిపోతుంటే, కంచంలోకి చూడటం కష్టమవుతుంటే ఆ సంగతి డాక్టరుకు చెప్పండి. మెదడులో, వెన్నుపాములో నరాల పై పొర దెబ్బతినే మల్టిపుల్ స్క్లెరోసిస్‌లో ఒక కన్ను ముక్కు వైపు తిరగడంలో వెనకబడవచ్చు. మన దేశానికి ఇందులో సొంత పేజీ ఉంది: కుటుంబాల్లో వంశపారంపర్యంగా వచ్చే ఒక రకం నడక తూలే జబ్బులో కళ్లు చాలా నెమ్మదిగా కదులుతాయని బొంబాయి నుంచి డాక్టర్ నోషిర్ వాడియా, స్వామి 1971లో రాశారు. అలాంటి చాలా కుటుంబాల్లో ఉన్నది ఎస్‌సీఏ2 (స్పైనోసెరెబెల్లార్ ఎటాక్సియా రెండో రకం) అని తర్వాత జన్యుపరీక్షల్లో తేలింది.

రిపోర్టు ఒక్కటే జబ్బు పేరు చెప్పదు. 75 ఏళ్ల మనిషి చుక్కను జారుతూ అనుసరించడంలో తడబడితే అది వయసు కావచ్చు. ‘సెంట్రల్’, అంటే చెవి కాదు మెదడు వైపు, అనే మాట కనిపించగానే ఇంటర్నెట్లో వెతికి కంగారు పడొద్దు. పరీక్షించిన డాక్టరుతోనే చదివించుకోండి. పరీక్ష అంతా మామూలుగా ఉందంటే బాధ అబద్ధమని కాదు. మైగ్రేన్ వాళ్లలో బాధ లేని రోజుల్లో అన్నీ మామూలుగా రావచ్చు.

ఇంటికెళ్లే ముందు

పావుగంట కూర్చుని, తల స్థిమితపడ్డాక లేవండి. ఆపిన మాత్రలు మళ్లీ మొదలుపెట్టాలా అని అడగండి. ఒక చెవి బలహీనమని తేలితే నెలల తరబడి ఆ మాత్రల మీదే ఉండటం మంచిది కాదు. మెదడు కొత్త లెక్కకు అలవాటు పడటాన్ని అవి ఆలస్యం చేస్తాయి. చూపు నిలిపి తల ఊపడం, నడుస్తూ తల తిప్పడం వంటి వ్యాయామాలు నేర్పించమని అడగండి.

కౌంటర్ దగ్గర ఇంకొకటి అడగండి: కాగితం రిపోర్టుతో పాటు కంటి వీడియోలు కూడా పెన్‌డ్రైవ్‌లో కావాలని. కాగితం మీద గీత చూసి రెండో డాక్టరు మా మాట నమ్మాల్సిందే. వీడియో ఉంటే ఆయన మీ కళ్లనే చూస్తారు.